బొమ్మకు మాట నేర్పిన కలం

హీ-మ్యాన్ నుంచి ఘోస్ట్‌బస్టర్స్ దాకా.. ఓ కార్టూన్ రచయిత ప్రస్థానం
పేరు వేయనందుకు ఒకసారి.. పాత్రను మార్చమన్నందుకు మరోసారి కొలువు వదిలిన స్ట్రజిన్‌స్కీ

బడికి సెలవు వచ్చిందంటే చాలు.. పల్లెల్లో సైతం పిల్లలు టీవీ ఎదుట తిష్ఠ వేస్తారు. అన్నం కంచం ఒడిలోనే ఉంటుంది. ముద్ద నోటిదాకా రాదు. కళ్లు మాత్రం తెరపై పరుగులు తీసే బొమ్మలను వదలవు. ఆ బొమ్మలను గీసేవారు ఉంటారని పిల్లలకూ తెలుసు. వాటికి గొంతు అరువిచ్చే వారున్నారని పెద్దలకు తెలుసు. అయితే ఆ బొమ్మ ఎటు పరుగెత్తాలో, ఎందుకు పరుగెత్తాలో, చివరకు ఎవరిని కాపాడాలో ముందుగా కాగితంపై పెట్టేవారు ఒకరుంటారన్న సంగతి చాలామందికి తట్టదు. కథ ముగిసి పేర్లు పైకి జరిగే వేళకు రిమోట్ మరో చానల్‌ను వెతుక్కుంటుంది.

ఆ పేరు కోసమే అమెరికాలో ఒక రచయిత చేతిలోని కొలువును వదులుకున్నారు. ఆ తర్వాత కొద్ది సంవత్సరాలకే, తాను తీర్చిదిద్దిన పాత్రల స్వభావాన్ని మార్చమన్నందుకు అంతకంటే పెద్ద కొలువునూ కాదనుకున్నారు. ఆయన పేరు జె. మైఖేల్ స్ట్రజిన్‌స్కీ. పేరు తెలియకపోయినా ఆయన పని చేసిన కార్టూన్లు తెలియనివారు తక్కువ. దూరదర్శన్ రోజుల్లో హీ-మ్యాన్‌ను చూసి, వెదురు కర్రను కత్తిలా పైకెత్తి వీధంతా వినబడేలా అరిచిన తరం ఇప్పుడు నడివయసుకు చేరింది. ఆ ధారావాహికకు కథలు రాసిన వారిలో ఆయనా ఒకరు.

ఊళ్లు మారిన బాల్యం

స్ట్రజిన్‌స్కీ 1954లో అమెరికాలోని న్యూజెర్సీ రాష్ట్రం, ప్యాటర్సన్ పట్టణంలో జన్మించారు. కుటుంబానిది పేదరికం. తండ్రి తాగుబోతు, చేయి చేసుకునే మనిషి. ఒక ఊళ్లో కుదురుకునేలోపే మరో ఊరికి మకాం మార్చాల్సి వచ్చేది. బాల్యం, కౌమారం గడిచేసరికి ఇరవై సార్లకు పైగా మూటాముల్లె సర్దుకున్నారు. ప్రతి చోటా కొత్త బడి, కొత్త ముఖాలు. స్నేహితులు నిలవని ఆ బాలుడికి నిలిచిన తోడు బొమ్మల పుస్తకాలే. వాటిలోనూ సూపర్‌మ్యాన్ ఆయనకు ఆరాధ్యుడు. 2019లో వెలువడిన తన ఆత్మకథకు 'బికమింగ్ సూపర్‌మ్యాన్' అని పేరు పెట్టుకోవడం వెనుక ఉన్న కథ ఇదే. ఇంట్లో పడిన దెబ్బలను, కుటుంబంలో దాగిన రహస్యాలను ఆ పుస్తకంలో ఆయన దాపరికం లేకుండా రాశారు.

పిల్లల కథలు రాసేవారంతా సుఖంగా పెరిగినవారే అయి ఉంటారని అనుకుంటాం. ఈయన విషయంలో అది తలకిందులు. భయపడే పిల్లవాడికి తెర మీద ఎవరు అండగా నిలవాలో భయపడుతూ పెరిగినవాడికే బాగా తెలిసి ఉంటుంది.

శాన్ డియాగో స్టేట్ యూనివర్సిటీలో మనస్తత్వ శాస్త్రం, సామాజిక శాస్త్రం చదివారు. అక్కడి విద్యార్థి పత్రిక పేరు 'డైలీ యాజ్‌టెక్'. దానిలో ఈయన వ్యాసాలు ఎంత విరివిగా వచ్చేవంటే, తోటి విద్యార్థులు దాన్ని 'డైలీ జో' అని ఆటపట్టించేవారట. అటుపై శాన్ డియాగో నుంచి లాస్ ఏంజెలెస్ టైమ్స్ పత్రికకు వార్తలు, వ్యాసాలు పంపే ప్రత్యేక విలేకరిగా పనిచేశారు. మన జిల్లాల్లో 'కంట్రిబ్యూటర్' అంటే ఏమిటో తెలిసినవారికి ఆ బతుకును విడమరిచి చెప్పనక్కర్లేదు. అచ్చయిన దానికే డబ్బు. అచ్చు కాకపోతే బస్సు చార్జీ కూడా చేతి నుంచే. వేగంగా రాయడం, గడువు తప్పకుండా రాయడం, ఎడిటర్ కోసిన దానికి కన్నీళ్లు పెట్టుకోకుండా మళ్లీ రాయడం అక్కడే అలవడింది. తర్వాతి రోజుల్లో కార్టూన్ రంగంలో నిలదొక్కుకునేందుకు అక్కరకు వచ్చింది ఈ అలవాటే.

1981లో లాస్ ఏంజెలెస్‌కు మకాం మార్చారు. మరుసటి ఏడాది, అంటే 1982లో, స్క్రిప్టు రచనపై ఒక పాఠ్యపుస్తకమే ప్రచురించారు. విశేషమేమంటే అప్పటికి టీవీలో ఆయనకంటూ స్థిరమైన కొలువు లేదు. ఈత రాకముందే ఈతపై పుస్తకం రాసినట్లని ఎవరైనా నవ్వితే నవ్వవచ్చు. రాయడం కోసం ఆయన ఎంత చదివారన్నది మాత్రం ఆ పుస్తకం చెబుతుంది.

బొమ్మ అమ్మాలి.. కథ కావాలి

ఇక్కడ ఒక్క నిమిషం ఆగి, ఆనాటి కార్టూన్ల వ్యాపారం గురించి తెలుసుకోవాలి. మ్యాటెల్ అనే ఆట వస్తువుల సంస్థ 1982లో హీ-మ్యాన్ బొమ్మలను మార్కెట్‌లోకి తెచ్చింది. బొమ్మలు అమ్ముడుపోవాలంటే వాటికో కథ కావాలి. ఆ కథను టీవీకి ఎక్కించే పని ఫిల్మేషన్ అనే స్టూడియో చేపట్టింది. 1983 సెప్టెంబరులో ధారావాహిక మొదలైంది. అంతకుముందు ఆట వస్తువుల ఆధారంగా పిల్లల కార్యక్రమాలు తీయడాన్ని అమెరికా ప్రసార నియంత్రణ వ్యవస్థ అంతగా సహించేది కాదు. అధ్యక్షుడు రీగన్ హయాంలో ఆ కట్టుబాట్లు సడలాయి. 1984 నాటికి తలుపులు బార్లా తెరుచుకున్నాయి. బొమ్మల కొట్టులో ఏది కొత్తగా వస్తే, టీవీలో దాని కార్టూన్ ప్రత్యక్షమయ్యే రోజులవి.

రచయితలకు ఇది ఒకరకంగా పంట కాలం. వారానికి ఒక భాగం కాక, సోమవారం నుంచి శుక్రవారం వరకు రోజూ ఒక భాగం ప్రసారం చేయాలి. పదమూడు వారాలకు ఐదేసి చొప్పున లెక్క వేస్తే 65 భాగాలు. ఆ కాలపు కార్టూన్లలో పదేపదే కనిపించే ఈ '65' అంకె వెనుక మర్మం ఇదే. హీ-మ్యాన్‌కు అలా రెండు విడతల్లో 130 భాగాలు తీశారు. అన్ని కథలు ఏ ఒక్కరి బుర్రలో నుంచీ రావు కదా! కొత్తవారికి ద్వారాలు తెరుచుకున్నది అందుకే.

స్ట్రజిన్‌స్కీ ఆ కార్టూన్‌ను ఇష్టంగా చూసేవారు. 1984లో ఎవరూ అడగకుండానే ఒక కథను పూర్తి స్క్రిప్టుగా రాసి ఫిల్మేషన్‌కు పంపారు. స్టూడియో దాన్ని కొనుగోలు చేయడమే కాక, ఆయనను కొలువులోకి తీసుకుంది. సిఫారసు లేదు, చుట్టరికం లేదు. పోస్టులో వెళ్లిన కాగితాలే ఆయనను లోపలికి తీసుకెళ్లాయి.

కత్తి ఉంది.. కొట్టకూడదు

హీ-మ్యాన్ కథ రాయడం చూసినంత తేలిక కాదు. కథానాయకుడి చేతిలో పెద్ద కత్తి ఉంటుంది. దానితో ప్రాణమున్న దేనినీ నరకకూడదు. యంత్రాలను, రాళ్లను, గొలుసులను మాత్రమే ఛేదించవచ్చు. దుర్మార్గుడిని పిడికిలితో గుద్దడం కుదరదు. ఎత్తి బురదలోకి విసిరేయవచ్చు. ప్రతి భాగం చివర ఒక పాత్ర నేరుగా పిల్లలతో మాట్లాడి, ఆనాటి కథలోని నీతిని చెప్పాలి. చేతిలో ఆయుధం పెట్టి దాన్ని వాడకుండా ఇరవై రెండు నిమిషాలు ఉత్కంఠ నిలపాలంటే రచయితకు ఒక్కటే దారి. బలంతో కాక తెలివితో గట్టెక్కే కథ అల్లాలి. తల్లిదండ్రుల సంఘాల ఒత్తిడితో వచ్చిన ఆంక్షలు కొన్నిసార్లు కథకు మేలు చేశాయని కూడా చెప్పుకోవాలి.

దీనికి తోడు ఫిల్మేషన్‌కు మరో పద్ధతి ఉండేది. ఇతర స్టూడియోలు చౌకగా అవుతుందని బొమ్మలు గీసే పనిని జపాన్, కొరియా, తైవాన్ వంటి దేశాలకు పంపేవి. ఫిల్మేషన్ మాత్రం ఆ పనిని అమెరికాలోనే చేయించేది. ఆ ఖర్చు భరించేందుకు ఒకసారి గీసిన కదలికలను పదేపదే వాడుకునేది. హీ-మ్యాన్ పరుగు, దూకుడు, కత్తి ఎత్తే తీరు ఏ భాగంలో చూసినా ఒకేలా ఉండటం శ్రద్ధగా చూసినవారు గమనించే ఉంటారు. ఖర్చు తగ్గించే క్రమంలో స్టూడియో యజమాని లూ షైమర్ స్వయంగా కొన్ని పాత్రలకు గొంతు ఇచ్చారు. గాలిలో తేలే చిట్టి మాంత్రికుడు ఓర్కో గొంతు ఆయనదే. అయితే తెరపై మాత్రం వేరే పేరు వేసుకునేవారు!

కార్టూన్ రచన సినిమా రచన వంటిదే అనుకుంటే పొరపాటు. ముందుగా నాలుగైదు వాక్యాల్లో కథాంశాన్ని చెప్పాలి. అది నచ్చితే సన్నివేశాల క్రమాన్ని రాయాలి. దానికీ ఆమోదం వచ్చాకే పూర్తి స్క్రిప్టు. అది కూడా మాటలు రాసి వదిలేస్తే సరిపోదు. సినిమాలో నటుడు ఉంటాడు. 'కోపంగా చూశాడు' అని రాస్తే మిగతాది ఆయన చూసుకుంటాడు. బొమ్మకు తనంతట తానుగా కోపం రాదు. కనుబొమ ఎక్కడ ముడిపడాలి, చేయి ఎటు లేవాలి, వెనుక తలుపు తెరిచి ఉందా మూసి ఉందా అన్నది రచయితే చెప్పాలి. ఎక్కడో సముద్రం ఆవల కూర్చున్న చిత్రకారుడికి ఇంగ్లిష్ సరిగ్గా రాకపోయినా అర్థమయ్యేలా చెప్పాలి. స్క్రిప్టు తర్వాత గొంతుల రికార్డింగ్, స్టోరీబోర్డు. బొమ్మల కదలికలు గీసేది ఆ తర్వాతే. అప్పటికి రచయిత మరో మూడు కథల్లో మునిగి ఉంటాడు.

పేరు లేని పని వద్దన్నారు

ఫిల్మేషన్‌లోనే స్ట్రజిన్‌స్కీకి లారీ డిటిల్లియో అనే మరో రచయితతో స్నేహం కుదిరింది. హీ-మ్యాన్ విజయంతో ఆడపిల్లల కోసం అటువంటిదే మరొకటి తీయాలని సంస్థ సంకల్పించింది. హీ-మ్యాన్‌కు కవల సోదరి ఉందని, పసితనంలోనే శత్రువులు ఆమెను ఎత్తుకుపోయారని కథ. అలా పుట్టినదే 'షీ-రా'. 1985లో ప్రసారం మొదలై 93 భాగాలు నడిచింది. ఆ ధారావాహికకు ప్రపంచాన్ని నిర్మించడంలో, పాత్రలకు స్వభావాలు ఏర్పరచడంలో, ఇతర రచయితల కథలను సరిదిద్దడంలో ఈ మిత్రులిద్దరిదీ కీలక పాత్ర.

చేసిన పనికి తగిన హోదాతో తెరపై పేరు వేయాలని ఇద్దరూ కోరారు. స్టూడియో అందుకు అంగీకరించలేదు. ఇద్దరూ బయటకు నడిచారు.

పేరు వేయకపోతే ఏమవుతుంది, జీతం వస్తోందిగా అనిపించవచ్చు. ఈ వృత్తిలో పేరే జీతం. రేపు మరో స్టూడియో గుమ్మం ఎక్కినప్పుడు 'ఇది నేను రాసింది' అని చూపేందుకు తెరపై వేసిన ఆ ఒక్క వరుసే ఆధారం. కౌలు రైతు ఎంత పండించినా పాస్‌బుక్‌లో పేరు లేకపోతే బ్యాంకు గుమ్మం దగ్గర ఏం జరుగుతుందో మన పాఠకులకు తెలియనిది కాదు.

తండ్రిని వెతికిన జేస్

బయటకు వచ్చిన మిత్రులకు డిక్ అనే స్టూడియోలో 'జేస్ అండ్ ద వీల్డ్ వారియర్స్' అనే ధారావాహిక దక్కింది. ఇదీ బొమ్మలు అమ్మేందుకు తలపెట్టినదే. చక్రాల బండ్లు, వాటిపై తుపాకులు. కంపెనీకి కావలసింది అంతే. వీరు మాత్రం దానిలోకి ఒక కొడుకును, తప్పిపోయిన తండ్రిని తెచ్చారు. తండ్రి ఆడ్రిక్ వృక్ష శాస్త్రవేత్త. ఆయన ప్రయోగం వికటించి మొక్కలే రాక్షసులవుతాయి. వాటిని నాశనం చేయగల వేరు రెండు ముక్కలై, ఒకటి కొడుకు దగ్గర, రెండోది తండ్రి దగ్గర ఉండిపోతుంది. తండ్రీకొడుకులు కలిస్తేనే లోకానికి విముక్తి.

ఏ రోజు కథ ఆ రోజే ముగిసే కార్టూన్ల కాలంలో, 65 భాగాలకూ ఒకే దారం కట్టడం పెద్ద సాహసం. సగం పిల్లలు సగం భాగాలే చూస్తారు, కథ తెగితే అర్థం కాదన్నది అప్పటి చానళ్ల వాదం. పిల్లలు అంతకంటే తెలివైనవారని ఈ ఇద్దరి నమ్మకం.

దెయ్యాలు పట్టేవారి కథ

స్ట్రజిన్‌స్కీకి నిజమైన గుర్తింపు తెచ్చినది 1986లో ఏబీసీ చానల్‌లో మొదలైన 'ద రియల్ ఘోస్ట్‌బస్టర్స్'. 1984 నాటి ఘోస్ట్‌బస్టర్స్ సినిమాకు ఇది కార్టూన్ రూపం. పేరులో 'రియల్' అన్న మాట ఎందుకు వచ్చిందన్నది తమాషా సంగతి. 1975లోనే ఫిల్మేషన్ సంస్థ అదే పేరుతో ఒక టీవీ కార్యక్రమం తీసి ఉంది. సినిమా విజయం చూసి ఆ సంస్థ కూడా 1986లో తన ఘోస్ట్‌బస్టర్స్‌ను కార్టూన్‌గా తెచ్చింది. దాంతో వీరు 'మాదే అసలైనది' అని పేరులోనే చాటుకోవలసి వచ్చింది. నిన్న వదిలి వచ్చిన సంస్థతోనే నేడు పోటీ!

ఇక్కడ ఆయన హోదా స్టోరీ ఎడిటర్. తాను రాయడంతో పాటు ఇతరుల స్క్రిప్టులను ఎంపిక చేసి, సరిదిద్ది, అన్నీ ఒకే లోకానికి చెందిన కథలుగా ఉండేలా చూసే బాధ్యత. చానల్ కోసం 13 భాగాలు, దేశమంతటా విడిగా ప్రసారం చేసేందుకు మరో 65. మొత్తం 78 స్క్రిప్టులు ఆయన చేతుల మీదుగా వెళ్లాయి.

ఆయన పనితనానికి ఒక్క ఉదాహరణ చాలు. సినిమాలో దెయ్యాలు పట్టే నలుగురూ ఒకే రంగు దుస్తులు ధరిస్తారు. కార్టూన్‌లో పిల్లలు సులువుగా గుర్తుపట్టేందుకు ఒక్కొక్కరికి ఒక్కో రంగు ఇచ్చారు. అదేమీ వివరించకుండా వదిలేసినా అడిగేవారు లేరు. స్ట్రజిన్‌స్కీ మాత్రం 'సిటిజన్ ఘోస్ట్' అనే భాగం రాసి దానికి కారణం కల్పించారు. సినిమా చివరి పోరాటంలో పాత దుస్తులు దెయ్యాల శక్తితో మైలపడతాయి. పారేయాల్సిన వాటిని పారేయకుండా పక్కన పెడతారు. ఆ దుస్తులే ప్రాణం పోసుకుని నలుగురికీ ప్రతిరూపాలై ఎదురు తిరుగుతాయి. అప్పుడు ఆదుకున్నది స్లైమర్ అనే ఆకుపచ్చ తిండిపోతు దెయ్యం. అందుకే అది వారింట్లో ఉండిపోయింది. కొత్త రంగులకు కారణం, ఇంట్లో దెయ్యం ఎందుకుందన్న ప్రశ్నకు జవాబు, దానితో పాటు ఒక మంచి కథ. మూడూ ఒకే దెబ్బకు. పిల్లలు అడగబోయే ప్రశ్నను ముందే ఊహించి గౌరవించడం అంటే ఇదే.

కళ్లద్దాలపై అభ్యంతరం

మొదటి ఏడాది విజయవంతమైంది. సాధారణంగా బాగా నడుస్తున్న బండిని ఎవరూ విప్పరు. చానల్ మాత్రం సలహాదారులను రప్పించింది. పిల్లలకు ఏది నచ్చుతుందో పరిశోధించి చెబుతామనే సంస్థ అది. వారి దృష్టి జనీన్ అనే పాత్రపై పడింది. దెయ్యాలు పట్టేవారి కార్యాలయంలో ఆమె సెక్రటరీ. పదునైన మాట, మొన తేలిన కళ్లద్దాలు, ఎవరికీ లొంగని స్వభావం. ఆమెను మెత్తబరచాలని, అమ్మలా లాలించే పాత్రగా మార్చాలని సలహాదారులు సూచించారు. మొన తేలిన కళ్లద్దాలు పిల్లలను భయపెడతాయన్నది వారి వాదనల్లో ఒకటి.

దెయ్యాలు, భూతాలు, పిశాచాలు వారం వారం వచ్చే కార్యక్రమంలో పిల్లలు భయపడేది ఒక యువతి కళ్లద్దాలకట! నవ్వు వచ్చే మాటే అయినా దాని ఫలితం నవ్వులాట కాలేదు. మాట పదునున్న స్త్రీ పాత్రను మెత్తబరిస్తే ఆడపిల్లలకు తెరపై మిగిలేది మరో లాలించే బొమ్మ మాత్రమే. అటువంటి మార్పులకు సమ్మతించలేక స్ట్రజిన్‌స్కీ స్టోరీ ఎడిటర్ పదవి నుంచి తప్పుకున్నారు.

ఆయన వెళ్లాక జనీన్ కళ్లద్దాలు గుండ్రంగా మారాయి. జుట్టు పెరిగింది. గొంతు ఇచ్చే నటి సైతం మారారు. 1988లో ధారావాహిక పేరులో స్లైమర్ ముందుకు వచ్చి కూర్చుంది.

కథ అక్కడితో ముగిస్తే ఓడిపోయిన రచయిత కథ అయ్యేది. కొంతకాలానికి అదే ధారావాహికకు కొన్ని భాగాలు రాయమని ఆయనకు పిలుపు వచ్చింది. వెళ్లి రాసిన వాటిలో ఒకదాని పేరు 'జనీన్, యూ హ్యావ్ చేంజ్‌డ్'. నువ్వు మారిపోయావు జనీన్ అని అర్థం. పాత ఫొటోలు చూస్తూ ఘోస్ట్‌బస్టర్స్ ఉలిక్కిపడతారు. ఆమె రూపం కొద్దికొద్దిగా మారిపోయిందని, తమలో ఎవరికీ అది తెలియలేదని గ్రహిస్తారు. ఆరా తీస్తే, అందంగా మారుస్తానని ఆశ చూపిన ఒక భూతం చేతిలో ఆమె చిక్కిందని బయటపడుతుంది. సలహాదారుల సంస్థ చేసిన పనిని కథలో భూతం చేసిన పనిగా చూపారన్నమాట. ఆ భూతం పేరులోనే ముస్తాబు, బోలెడు డబ్బు అన్న అర్థాలు వచ్చేలా పెట్టారు. పిల్లలకు అది దెయ్యం కథ. సంగతి తెలిసిన పెద్దలకు మాత్రం చురక. రచయిత కక్ష తీర్చుకోవడం అంటే ఇంతకంటే సొంపుగా ఉండదేమో.

ఒకసారి రాస్తే ఒకసారే కూలి

ఈ వృత్తిలోని ఆర్థిక కోణాన్ని కూడా తెలుసుకోవడం అవసరం. అమెరికాలో మామూలు టీవీ ధారావాహికలు, సినిమాలు రాసేవారికి రైటర్స్ గిల్డ్ అనే సంఘం ఉంది. తాము రాసినది పునఃప్రసారమైన ప్రతిసారీ ఎంతో కొంత వాటా రచయితకు చేరేలా ఆ సంఘం ఒప్పందాలు సాధించింది. దీన్ని 'రెసిడ్యువల్స్' అంటారు. కార్టూన్ రచయితల్లో అత్యధికులు ఆ సంఘం పరిధిలోకి రారు. చిత్రకారులతో కలిసి యానిమేషన్ గిల్డ్ అనే మరో సంఘంలో ఉంటారు. కొందరికి ఏ సంఘమూ లేదు. వారికి పునఃప్రసారంపై నేరుగా వాటా అందదు. నలభై ఏళ్ల పాటు ఎన్ని దేశాల్లో, ఎన్ని భాషల్లో ఆడినా రాసినవారికి అందేది తొలిసారి ఇచ్చిన సొమ్మే.

'సింప్సన్స్' వంటి కొన్ని రాత్రివేళ కార్టూన్ల రచయితలు 1998లో రైటర్స్ గిల్డ్ ఒప్పందం సాధించుకున్నారు. అది పెద్దల కోసం తీసే కార్టూన్లకే ఎక్కువగా పరిమితమైంది. 2023లో రైటర్స్ గిల్డ్ 148 రోజుల పాటు సమ్మె చేసినప్పుడు కూడా యానిమేషన్ గిల్డ్ పరిధిలోని కార్టూన్ రచయితలు దాని ఫలితానికి బయటే ఉండిపోయారు. పెద్దల నవ్వుకు ఒక ధర, పిల్లల నవ్వుకు మరో ధర అన్నట్లుంది వ్యవహారం.

హైదరాబాద్‌లోనూ ఇదే ప్రశ్న

ఈ సంగతులు మనకు దూరమైనవేమీ కావు. విదేశీ కార్టూన్లకు బొమ్మలు గీసే పని 2000 దశకంలో హైదరాబాద్ స్టూడియోలకు విరివిగా వచ్చింది. యానిమేషన్ కోర్సుల ప్రకటనలు జిల్లా కేంద్రాల బస్టాండ్ గోడల దాకా పాకాయి. గీయడం మన యువతకు వచ్చింది. అయితే కథ మాత్రం ఎక్కడో రాసి పంపితే ఇక్కడ రంగులు అద్దడమే అధికంగా జరిగేది.

ఆ వరస మారేందుకు దారి చూపినవారిలో రాజీవ్ చిలక ముఖ్యులు. ఆయన 2001లో హైదరాబాద్‌లో గ్రీన్ గోల్డ్ యానిమేషన్ సంస్థను స్థాపించారు. ఆ సంస్థ రూపొందించిన 'ఛోటా భీమ్' 2008లో పోగో చానల్‌లో మొదలైంది. ఢోలక్‌పూర్ అనే ఊరు, లడ్డూ తింటే బలం పుంజుకునే కుర్రాడు, వాడి చుట్టూ స్నేహితులు. కథా మనదే, బొమ్మా మనదే. మరుసటి ఏడాది తెలుగు పిల్లల కోసం ఖుషీ టీవీ వచ్చింది. ఇదే భీముడి పసితనాన్ని చూపే 'మైటీ లిటిల్ భీమ్' 2019లో నెట్‌ఫ్లిక్స్‌లో విడుదలై దేశదేశాల పసిపిల్లలను ఆకట్టుకుంది. దానిలో సంభాషణలు లేవు. అయినా రచన లేదనుకోరాదు. పాకే పిల్లవాడు ఏ గిన్నె కోసం వెళ్లాలి, ఏది తన్నేయాలి, అమ్మ ఎప్పుడు తిరిగి చూడాలి అన్నది ఎవరో ఒకరు ముందుగా ఆలోచించి రాయాల్సిందే. కోర్సుల్లో చేరే విద్యార్థులకు కంప్యూటర్‌పై బొమ్మ కదిలించడం నేర్పుతున్నంతగా ఈ ఆలోచన నేర్పుతున్నది తక్కువ.

తర్వాతి మజిలీ

కార్టూన్ల తర్వాత స్ట్రజిన్‌స్కీ నటులు నటించే ధారావాహికల వైపు మళ్లారు. 'మర్డర్, షీ రోట్' వంటి వాటికి పనిచేశారు. 1993లో తొలి చిత్రంగా వచ్చి, 1994 నుంచి 1998 వరకు నడిచిన 'బాబిలోన్ 5' ఆయనను శిఖరానికి చేర్చింది. ఐదేళ్ల కథను ముందే ఊహించుకుని మొదలుపెట్టి, 110 భాగాల్లో 92 స్వయంగా రాశారు. ఒక దశలో వరుసగా రెండు సీజన్లు మొత్తం ఆయన కలం నుంచే వచ్చాయి. పాత మిత్రుడు డిటిల్లియో మొదటి రెండు సీజన్లకు స్టోరీ ఎడిటర్‌గా తోడు నిలిచారు. ఈసారి తెరపై ఇద్దరి పేర్లూ పడ్డాయి. డిటిల్లియో 2019లో కన్నుమూశారు.

2008లో క్లింట్ ఈస్ట్‌వుడ్ దర్శకత్వంలో వచ్చిన 'ఛేంజ్‌లింగ్' సినిమాకూ స్ట్రజిన్‌స్కీయే రచయిత. 1928లో లాస్ ఏంజెలెస్‌లో తప్పిపోయిన కొడుకు కోసం ఒక తల్లి చేసిన పోరాటం అది. నగర పాలక కార్యాలయంలో తగలబెట్టేందుకు సిద్ధం చేసిన పాత దస్త్రాల గురించి అక్కడి పరిచయస్థుడు చెవిన వేస్తే, వెళ్లి చదివి ఆ కథను వెలికితీశారు. విలేకరిగా ఉన్నప్పటి పరిచయాలు అలా తర్వాత పనికొచ్చాయి.

జేస్ కథ మాత్రం అలాగే ఉండిపోయింది. 65 భాగాల తర్వాత తండ్రీకొడుకులను కలుపుతూ ఒక సినిమా తీసి ముగించాలన్నది ఆలోచన. ఈలోగా కొట్లలో చక్రాల బండ్ల బొమ్మలు ఆశించినంతగా అమ్ముడుపోలేదు. బొమ్మలు కదలకపోవడంతో సినిమా కూడా ఆగిపోయింది. వేరులో సగం ఉంగరంలో పెట్టుకుని బయలుదేరిన ఆ కుర్రాడు తండ్రిని కలవనేలేదు.